'ఎంటర్ ది డ్రాగన్'లో ఆ సెక్రటరీ ఎవరు?

బ్రూస్‌లీ 'ఎంటర్ ది డ్రాగన్' (1973) చూడని సినిమా అభిమాని మన దగ్గర అరుదు. అందులో సెక్రటరీగా కాసేపు కనిపించే నల్లజాతి నటి పేరు చెప్పగలిగేవాళ్లు ఇంకా అరుదు. ఆమె మార్లీన్ క్లార్క్. అదే ఏడాది ఆమె కథానాయికగా చేసిన మరో సినిమా కాన్ దాకా వెళ్లి, సొంత దేశంలో ముక్కలైంది.

మోడలింగ్ నుంచి వచ్చిన క్లార్క్‌కు దొరికినవి ఎక్కువగా 'ఎక్స్‌ప్లాయిటేషన్' సినిమాలే. అంటే చిన్న బడ్జెట్‌తో తీసి, రక్తం, భయం, శృంగారం చూపించి సొమ్ము చేసుకునేవి. ఫిలిప్పీన్స్‌లో తీసిన 'నైట్ ఆఫ్ ది కోబ్రా వుమన్' (1972)లో ఆమెది సర్పకన్య పాత్ర. నాగకన్య కథలతో పెరిగిన మనకు అదేం వింత కాదు.

1972లో నల్లజాతి రక్తపిశాచి కథ 'బ్లాక్యులా' బాగా ఆడింది. అలాంటిదే ఇంకొకటి కావాలని నిర్మాతలు నాటక రచయిత బిల్ గన్‌కు డబ్బు పెట్టారు. ఆయన తీసిచ్చిన 'గాంజా అండ్ హెస్' మాత్రం వ్యసనం, విశ్వాసం, ఆస్తి చుట్టూ తిరిగే నింపాదైన కథ. కనిపించకుండా పోయిన భర్తను వెతుక్కుంటూ వచ్చిన గాంజా, అతడి శవం ఉన్న ఇంట్లోనే యజమానిని పెళ్లాడుతుంది. జాలి అడగని, ఎవరికీ తలవంచని ఈ పాత్రను క్లార్క్ ఎంత నిబ్బరంగా చేసిందంటే, ఆమె తెరమీదకు వచ్చాక సినిమా ఆమెదైపోతుంది. చివర్లో అతడు చావును కోరుకుంటాడు, ఆమె బతుకును ఎంచుకుంటుంది.

కాన్‌లో క్రిటిక్స్ వీక్‌లో చూపించినా న్యూయార్క్‌లో జనం రాలేదు. విమర్శకుల తీరుపై గన్ న్యూయార్క్ టైమ్స్‌కు ఘాటుగా లేఖ రాశారు. హక్కులు చేతులు మారాక దాదాపు రెండు గంటల సినిమాను 78 నిమిషాలకు కోసి, 'బ్లడ్ కపుల్' అని పేరు మార్చి వదిలారు. మన థియేటర్లలో ఒకప్పుడు బిట్లు అతికించేవారు, అక్కడ కోసేశారు. రెండుచోట్లా నటిని ఎవరూ అడగలేదు. న్యూయార్క్ ఆధునిక కళల మ్యూజియంలో మిగిలిన ప్రింటు వల్లే గన్ తీసిన రూపం బతికింది. 2014లో స్పైక్ లీ దాన్ని రీమేక్ చేశారు.

క్లార్క్‌కు ఆ గుర్తింపు వల్ల ఒరిగింది తక్కువ. 'స్విచ్‌బ్లేడ్ సిస్టర్స్' (1975), తర్వాత టీవీలో 'శాన్‌ఫర్డ్ అండ్ సన్'. 1980ల తర్వాత నటనకు దూరమై లాస్ ఏంజెలెస్‌లో రెస్టారెంట్ నడిపే పనిలో కుదురుకున్నారు. 2023 మేలో, 85 ఏళ్ల వయసులో మరణించారు.