పదమూడు నెలల దేశం

హైటెక్ సిటీల సైబర్ టవర్స్ 1998ల షురువైంది. అంతకు యాభై ఏండ్ల ముందు, 1948 సెప్టెంబర్ 17 దాంక, ఆ జాగ ఇండియాల లేకుండె. ఇంగ్లీషోళ్లు పోంగనే నిజాం నాది వేరే దేశమన్నడు. ఎవ్వలూ గుర్తించలె. ఐక్యరాజ్యసమితికి ఫిర్యాదు పెట్టినా ఫాయిద లేకపాయె.

అది ఉత్త ముస్లింల రాజ్యమని వాట్సాప్‌ల తిప్పుతరు. రాజు ముస్లిమే, రజాకార్లు పెట్టిన గోస నిజమే. గని ఇండియాల కలవాలె అన్న ‘ఇమ్రోజ్’ సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను చంపింది గూడ ఆ రజాకార్లే. ఊర్లల్ల వెట్టి చేయించిన దొరలు ఎక్కువమంది హిందువులే. కమ్యూనిస్టులు తుపాకి పట్టింది వాళ్ల మీదనే గద. సైన్యం వచ్చినంక చచ్చినోళ్లల్ల ముస్లింలే ఎక్కువ. సుందర్‌లాల్ కమిటీ అంచనా 27 వేల నుంచి 40 వేల పానాలు. ఆ రిపోర్టును ఏండ్లకు ఏండ్లు బయటికి రానియ్యలె.