గోరు పైకి లేస్తోందా? అతికించొద్దు!

పెళ్లికి వారం ముందు ముచ్చటపడి చేయించుకున్న జెల్ గోళ్లు. రిసెప్షన్ ఫొటోల్లో మెరిసిపోయాయి. మూడో వారం వచ్చేసరికి తల దువ్వుకుంటుంటే ఉంగరపు వేలి గోటి అంచులో వెంట్రుక ఇరుక్కుంటోంది. చీర కుచ్చిళ్లు సర్దుకుంటుంటే దారం లాగుతోంది. వెలుతురులో పెట్టి చూస్తే గోటి మొదట్లో, జెల్ కింద తెల్లటి నీడ కనిపిస్తోంది. ఇక అక్కణ్నుంచి చెయ్యి ఊరుకోదు. బస్సులో కూర్చున్నా, టీవీ చూస్తున్నా బొటనవేలు పోయి ఆ అంచునే గీకుతుంటుంది.

పార్లర్ భాషలో దీన్ని లిఫ్టింగ్ అంటారు. జెల్ ఎక్స్‌టెన్షన్లు వేయించుకున్నవాళ్లలో ఇది ఎప్పుడో ఒకప్పుడు ఎదురుకానివాళ్లు అరుదు. ఒకప్పుడు సినిమావాళ్లకే అనుకున్న ఈ గోళ్లు ఇప్పుడు హైదరాబాద్‌లోనే కాదు, విజయవాడ, వరంగల్ లాంటి ఊళ్లలో కాలేజీ అమ్మాయిల చేతులకీ వచ్చేశాయి. లేచిన గోటిని అందానికి సంబంధించిన చిన్న లోపంగా చూసి, ఇంట్లో ఉన్న ఫెవిక్విక్ లాంటి జిగురు ఓ చుక్క వేసి నొక్కేసేవాళ్లు చాలామంది. నన్నడిగితే జెల్ గోళ్ల వల్ల జరిగే నష్టంలో పెద్ద వాటా ఆ చుక్క జిగురుదే.

లేచింది ఏది?

ముందు తేల్చుకోవాల్సింది ఇదే. ఎక్స్‌టెన్షన్ ఉన్న వేలి చివర మూడు పొరలుంటాయి. అడుగున గులాబీరంగు చర్మం, దాని మీద సొంత గోరు, ఆ పైన జెల్. జెల్‌కీ సొంత గోటికీ మధ్య ఖాళీ వస్తే అది మెరుగులు దిద్దేవాళ్లు సరిచేయగలిగిన సంగతి. సొంత గోరే కింది చర్మం నుంచి విడిపోతే అది డాక్టరు చూడాల్సిన సంగతి. దీన్ని మేం ఒనికోలైసిస్ అంటాం.

రెండింటికీ తేడా తెలుసుకోవడం మరీ కష్టమేం కాదు. జెల్ మాత్రమే లేస్తే సాధారణంగా నొప్పి ఉండదు. ఎక్కువగా గోటి మొదట్లోనో పక్కలనో మొదలవుతుంది. సొంత గోరు విడిపోతే చాలాసార్లు వేలి కొస వైపు నుంచి మొదలై వెనక్కి పాకుతుంది, నొక్కితే సలుపుతుంది. ముదురు రంగు జెల్ అయితే పైనుంచి ఏమీ కనపడదు. అరచేతిని మీ వైపు తిప్పుకుని, గోటి కొస కిందనుంచి టార్చి వేసి చూడండి.

ఇక్కడో విషయం చెప్పాలి. పొడవాటి ఎక్స్‌టెన్షన్ గడ్డపార లాంటిది. కొసకు చిన్న దెబ్బ తగిలినా మొదట్లో పెద్ద బలమై పడుతుంది. కారు తలుపు తగిలినప్పుడు జెల్ పట్టు తప్పితే జెల్ లేస్తుంది, సొంత గోరు మిగులుతుంది. జెల్ మొండిగా పట్టుకుని ఉంటే సొంత గోరే చర్మం నుంచి లేచిపోతుంది. ఒకరకంగా జెల్ లేవడం ఇంట్లో ఫ్యూజు పోవడం లాంటిది. ‘ఏం చేసినా ఊడని జెల్ కావాలి’ అని అడిగేవాళ్లు ఈ లెక్క గుర్తుపెట్టుకుంటే మంచిది.

దెబ్బ ఏమీ తగలకుండా రెండు మూడు వేళ్లకు సొంత గోరు విడిపోతుంటే తప్పంతా పార్లర్ మీదికి నెట్టేయొద్దు. థైరాయిడ్ ఎక్కువగా పనిచేసేవారిలో, సోరియాసిస్ ఉన్నవారిలో గోళ్లు ఇలా విడిపోతాయి. మొటిమలకు ఇచ్చే డాక్సీసైక్లిన్ మాత్రలు వాడుతూ ఎండలో తిరిగేవారిలో కూడా కొందరికి ఇలా జరుగుతుంది. జెల్ వేయించుకునే వయసూ, మొటిమల మాత్రలు వాడే వయసూ దాదాపు ఒకటే కాబట్టి దీన్ని అడిగి తెలుసుకోవాల్సి వస్తుంది.

ఆ సందులో ఏముంటుంది?

లేచిన జెల్ కింద సందు వెడల్పు ఓ వెంట్రుకంత ఉండొచ్చు. చెయ్యి కడిగినప్పుడల్లా అందులోకి నీళ్లు వెళ్తాయి. బయటికి రావు, ఆరవు. పైన మూత, లోపల వెచ్చదనం, చెమ్మ. తడిని ఇష్టపడే సూడోమోనాస్ అనే బ్యాక్టీరియాకు ఇంతకంటే మంచి చోటు దొరకదు. అది తయారుచేసే రంగు పదార్థాల వల్ల గోరు పాచి పట్టినట్టు ఆకుపచ్చగా, ఒక్కోసారి నలుపు కలిసిన ఆకుపచ్చగా మారుతుంది. నొప్పి ఉండదు కాబట్టి జెల్ తీసేదాకా తెలియదు. తీశాక కంగారుపడి, ఫంగస్ అనుకుని, మందుల దుకాణంలో ఏదో క్రీము అడిగి నెలల తరబడి పూస్తారు. ఫంగస్ మందు బ్యాక్టీరియా మీద పనిచేయదు.

దీనికి వైద్యం సులువే. జెల్ తీసేయడం, విడిపోయిన గోటి భాగాన్ని కత్తిరించడం, వేలిని పొడిగా ఉంచడం, డాక్టరు చెప్పిన చుక్కల మందు వేయడం. చాలామందికి దీంతో సరిపోతుంది. బ్యాక్టీరియా పోయినా రంగు మాత్రం గోరు పెరిగి ముందుకు జరిగేదాకా ఉంటుంది. దాన్ని కప్పిపుచ్చాలని మళ్లీ జెల్ వేయిస్తే కథ మొదటికొస్తుంది. మరో మాట. రంగు పచ్చగా కాకుండా గోటి మొదలు నుంచి కొస దాకా నల్లటి గీత కనిపించి, అది వెడల్పవుతుంటే చర్మవైద్యులకు తప్పనిసరిగా చూపించండి.

జిగురు వేసి నొక్కడమంటే ఈ చెమ్మను లోపల పెట్టి తాళం వేయడమే. పైగా ఆ జిగురు నూలు గుడ్డ మీదో దూది మీదో ఒలికితే వేడి పుట్టి చర్మం కాలుతుంది. పిల్లలున్న ఇంట్లో మరీ జాగ్రత్త. గోటితో పోయేదాన్ని గొడ్డలిదాకా తెచ్చుకోవడమంటే అచ్చంగా ఇదే.

రోగులను నేరుగా తాకే ఆసుపత్రి సిబ్బంది కృత్రిమ గోళ్లు పెట్టుకోకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2009 నాటి చేతుల పరిశుభ్రత మార్గదర్శకాల్లో ఉంది. ఎంత కడిగినా వాటి కింద క్రిములు మిగులుతాయన్నదే కారణం. ఇంట్లో పసిబిడ్డకు పాలు పట్టేవాళ్లకు, మంచం పట్టిన పెద్దవాళ్ల పుండ్లు కడిగేవాళ్లకు నేనూ ఇదే మాట చెబుతాను.

ఈ రాత్రికి ఏం చేయాలి?

పార్లర్‌కు రేపో ఎల్లుండో గానీ వెళ్లలేరనుకుందాం. లేచిన అంచు కొస వైపు ఉంటే నెయిల్ కట్టర్‌తో ఆ వదులు భాగం వరకే కొంచెం కొంచెంగా కత్తిరించి, వెంట్రుకలు చిక్కుకోకుండా ఫైలుతో నునుపు చేయండి. పొడవును కూడా తగ్గించేయండి, లాగుడు తగ్గుతుంది. మొదట్లో లేచి ఉంటే కదపకుండా, గిన్నెలు తోమేటప్పుడు గ్లౌజులు వేసుకుని, తడి తగిలినప్పుడల్లా ఆరబెట్టుకోండి. చాలు.

లాగి పీకడం మాత్రం వద్దు. సొంత గోటి మందం దాదాపు అర మిల్లీమీటరు. జెల్‌ను పీకితే దానికి అంటుకుని సొంత గోటి పైపొరలూ వచ్చేస్తాయి. తర్వాత వేడినీళ్లు తగిలినా జివ్వుమంటుంది. చేతి గోరు నెలకు సుమారు 3 మి.మీ. పెరుగుతుంది. అంటే ఒక్క నిమిషంలో పీకిన గోరు పూర్తిగా కొత్తది కావడానికి దాదాపు 6 నెలలు.

తీసేయాలనుకుంటే ముందు మీకు వేసింది ఏ రకమో పార్లర్‌లో అడగండి. అసిటోన్‌కు కరిగే మెత్తటి జెల్ అయితే, పైపూతను ఫైలుతో గరుకు చేసి, చుట్టూ చర్మానికి వాజిలిన్ రాసి, అసిటోన్‌లో తడిపిన దూదిని గోటిపై పెట్టి, రేకు చుట్టి 10 నుంచి 15 నిమిషాలు ఉంచితే మెత్తబడుతుంది. పుల్లతో మెల్లగా తోస్తే రావాలి. రాకపోతే మరో 5 నిమిషాలు ఉంచాలే తప్ప గీకకూడదు. అసిటోన్ ఇట్టే అంటుకుంటుంది. వంటింట్లో, దేవుడి దీపం దగ్గర, అగరొత్తుల దగ్గర ఈ పని పెట్టుకోవద్దు. హార్డ్ జెల్ అసలు అసిటోన్‌కు కరగదు. గంటసేపు నానబెట్టి వేళ్లు పాలిపోగొట్టుకున్నా లాభం లేదు. దాన్ని అరగదీయాల్సిందే, అదీ చెయ్యి తిరిగినవాళ్లే.

పార్లర్‌లో మరమ్మతు చేసేటప్పుడు గమనించాల్సింది ఒకటుంది. లేచిన భాగాన్ని ఆ తెల్లనీడ పూర్తిగా పోయేదాకా అరగదీసి, ఆరబెట్టి, అప్పుడు కొత్త జెల్ వేయాలి. సందును అలాగే ఉంచి పైన పూత వేసి పంపిస్తే చూడ్డానికి బాగుంటుంది గానీ ఒరిగేది ఏమీ లేదు. గోటిలో పావు భాగం కంటే ఎక్కువ లేస్తే అతుకులు వేయించుకోకుండా మొత్తం తీయించేయడమే మంచిదని నా అభిప్రాయం. రంగు మారినా, చీము కనిపించినా ఆ గోటికి మరమ్మతు మాటే వద్దు.

ఎప్పుడు లేచిందో చెబితే...

ఎందుకు లేచిందో చాలావరకు చెప్పొచ్చు. వారంలోపే లేస్తే గోటిని సిద్ధం చేయడంలోనో, ల్యాంపు కింద గట్టిపరచడంలోనో తేడా జరిగింది. మూడు వారాలు దాటాక లేస్తే అది గోరు పెరగడం వల్ల. జెల్ మొదట్లోంచి ముందుకు జరిగే కొద్దీ బరువు కొసకు చేరుతుంది. అందుకే రెండు మూడు వారాలకోసారి ఫిల్లింగ్ చేయించుకోమంటారు. దీన్ని పార్లర్‌వాళ్ల వ్యాపార చిట్కాగా కొట్టిపారేయొద్దు.

రెండు బొటనవేళ్లే లేస్తుంటే ల్యాంపును అనుమానించాలి. చెయ్యి బోర్లా పెట్టినప్పుడు నాలుగు వేళ్ల గోళ్లు పైకి చూస్తాయి, బొటనవేలి గోరు పక్కకు తిరుగుతుంది. కాంతి సరిగా పడదు. అందుకే బొటనవేళ్లను విడిగా పెట్టి ఆరబెట్టాలి. ఎప్పుడూ ఒకే వేలికి లేస్తుంటే మీ అలవాటును చూసుకోండి. డబ్బా మూత తీయడం, స్టిక్కర్లు గీకడం, కూల్‌డ్రింకు టిన్ను తెరవడం... వీటన్నిటికీ గోరే పనిముట్టయితే ఏ జెల్ నిలవదు.

ఇక సిద్ధం చేయడం. గోటి మొదట్లో అంటుకుని ఉండే పలుచటి మృతచర్మం మిగిలితే జెల్ గోటిని కాకుండా ఆ చర్మాన్ని పట్టుకుంటుంది. రెండు రోజుల్లో చర్మంతో పాటే లేస్తుంది. దాన్ని నెమ్మదిగా తొలగించాలే తప్ప గోరుకు రక్షణగా ఉండే క్యూటికల్‌ను కత్తిరించకూడదు. కత్తిరిస్తే గోరుచుట్టుకు దారి ఇచ్చినట్టే. షుగర్ ఉన్నవాళ్లు ఈ విషయంలో ఇంకా కచ్చితంగా ఉండాలి. గోరు నీటిని పీల్చి ఉబ్బుతుంది, ఆరాక ముడుచుకుంటుంది. కాబట్టి చేతులు నీళ్లలో నానబెట్టే మానిక్యూర్ చేసి వెంటనే జెల్ వేస్తే లేవడం ఖాయం. వెళ్లేరోజు తలకు నూనె పెట్టుకోవద్దు, చేతులకు లోషన్ రాయొద్దు. అంతా అయ్యాక మాత్రం రాత్రిపూట గోటి చుట్టూ చర్మానికి ఓ చుక్క కొబ్బరినూనె మంచిదే.

దురద ఉంటే ఆపేయాలి

జెల్ చర్మానికి అంటుకోకూడదు. పక్కలకు పారిన జెల్ గట్టిపడి, చర్మం కదిలినప్పుడల్లా గోటి మీది జెల్‌నూ లాగుతుంది. అది సగం సంగతే. మిగతా సగం అలర్జీ. జెల్‌లో ఉండే ఎక్రిలేట్ రసాయనాలు పూర్తిగా గట్టిపడితే పెద్దగా హాని చేయవు. పచ్చిగా ఉన్నప్పుడు చర్మానికి తగిలితే అలర్జీ తెప్పించగలవు. వేలి కొసలు దురద పెట్టడం, పగలడం, గోరు కిందనుంచి విడిపోవడం దాని గుర్తులు. చేత్తో ముఖం తాకుతాం కాబట్టి కొందరికి కనురెప్పల మీద, మెడ మీద దద్దురు వస్తుంది. కాటుక మార్చి, సబ్బు మార్చి చూస్తారు. గోళ్లను ఎవరూ అనుమానించరు.

ఈ అలర్జీ ఒకసారి వస్తే సాధారణంగా జీవితాంతం ఉంటుంది. ఇదే కుటుంబానికి చెందిన రసాయనాలు పళ్లకు నింపే సిమెంటుల్లో, మోకీలు మార్పిడిలో వాడే బోన్ సిమెంటులో, షుగర్ కొలిచే కొన్ని సెన్సర్ల జిగురులో ఉంటాయి. ఇరవై ఏళ్లప్పుడు గోళ్ల దగ్గర మొదలైన అలర్జీని అరవై ఏళ్లకు ఎముకల డాక్టరుకు చెప్పాల్సి వస్తుంది. బ్రిటన్ చర్మవైద్యుల సంఘం 2018లో దీనిపై ప్రజలను హెచ్చరించింది. హెమా అనే ఎక్రిలేట్ ఉన్న గోటి ఉత్పత్తులను వృత్తినిపుణులే వాడాలని, అలర్జీ హెచ్చరికను డబ్బా మీద ముద్రించాలని ఐరోపా యూనియన్ 2020లో నిబంధన తెచ్చింది. మనదగ్గర ఆన్‌లైన్‌లో కిట్ తెప్పించుకుని, ఒక కంపెనీ జెల్‌ను ఇంకో కంపెనీ ల్యాంపు కింద ఆరబెట్టేవాళ్లు ఎందరో! పైన గట్టిపడినట్టు కనిపించినా లోపల పచ్చిగా ఉండిపోవచ్చు. తొందరగా లేవడానికీ, అలర్జీకీ అదే మూలం. ఇంట్లో నెయిల్ ఆర్ట్ నేర్చుకుంటున్న అమ్మాయిలు తెలుసుకోవాల్సింది ఒకటుంది. మామూలు పలుచని గ్లౌజుల్లోంచి ఈ రసాయనాలు కొద్ది నిమిషాల్లోనే లోపలికి వస్తాయి. గ్లౌజుకు జెల్ అంటితే వెంటనే మార్చేయాలి.

కాన్పు తేదీ దగ్గరపడినవాళ్లు, ఆపరేషన్ ఉన్నవాళ్లు ముందే జెల్ గోళ్లు తీయించుకుని రండి. రక్తంలో ఆక్సిజన్ చూసే క్లిప్పు గోటి మీదే పెడతాం. జెల్ అడ్డొస్తే అంకె తప్పు చూపించవచ్చు. గోటి సమస్యతోనే వచ్చేవాళ్లయితే పైన కొత్త రంగు వేసుకుని రావొద్దు. వాడిన జెల్ డబ్బా ఫొటో, గోరు మొదట లేచినప్పుడు తీసిన ఫొటో ఫోన్లో ఉంటే చూపించండి. వేలు ఎర్రబడి వాచి, రాత్రి నిద్రపట్టనంతగా సలుపుతుంటే పార్లర్ అపాయింట్‌మెంట్ కోసం ఆగకుండా అదే రోజు ఆసుపత్రికి రండి.