గోపన్నకు అందని చార్జిమెమో

పాల్వంచ దాటి భద్రాచలమునకు పోవు దారిలో అడవి చిక్కబడును. మూడు శతాబ్దములకు పూర్వము ఈ పరగణాలో గోలకొండ సుల్తాను తానీషా తరఫున శిస్తు వసూలు చేసిన తహశీలుదారు నేలకొండపల్లి వాస్తవ్యుడైన కంచెర్ల గోపన్న. సర్కారు పైకమును గోదావరి యొడ్డున రాముని గుడికి వెచ్చించెనను నేరమునకు, జనశ్రుతిని బట్టి, పండ్రెండేండ్లు గోలకొండ చెఱలో మగ్గెను. లోకమునకు అతడు భక్త రామదాసు. నాకు మాత్రము ముందుగా ఒక ప్రభుత్వోద్యోగి.

ఒక మాట ఒప్పుకొనవలెను. నేటి నిబంధనలతో తూచినను గోపన్న గట్టెక్కుట కష్టమే. ఖజానా సొమ్మును అనుమతి లేక వేఱు పద్దునకు మళ్లించుట, అది దేవుని గుడికైనను సరే, దుర్వినియోగమే యగును. భక్తులమైన మనము ఈ చిక్కును తలపోయము. అయినను, ఆరోపణ వ్రాతమూలముగా అందినదనికాని, లెక్క చూపుటకు గడువిచ్చిరనికాని ఆ కథ చెప్పువారెవ్వరి నోటను నేను వినలేదు. అడుగువాడు లేకపోబట్టియే కాబోలు, అతడు తన జమాఖర్చు రామునికే ఒప్పజెప్పెను: ప్రాకారమునకెంత, భరతుని పచ్చల పతకమునకెంత, సీతమ్మ చింతాకు పతకమునకెంత పట్టినదో ఒక కీర్తనలో వరుసగా ఏకరువు పెట్టినాడు. అది చక్కని సంజాయిషీ. చేరవలసిన బల్లకు చేరలేదు, అంతే. గోలకొండ కోటలో నేటికిని చూపు ఆ చెఱసాల గోడపై రామలక్ష్మణుల, హనుమంతుని రూపములు చెక్కియున్నవి. అతని మొఱ వినుటకు ఉన్నది వారే.

నేటి ప్రభుత్వోద్యోగికి రాజ్యాంగపు 311వ అధికరణము అండగా నున్నది. ఆరోపణలు తెలిపి, సమాధానము చెప్పుకొనుటకు సముచితావకాశమిచ్చి, విచారణ జరిపిన పిమ్మటనే గాని అతనిని డిస్మిస్ చేయుటకు గాని, తొలగించుటకు గాని, హోదా తగ్గించుటకు గాని వీలులేదు. క్రిమినలు కేసులో శిక్షపడుట, రాజ్యభద్రత వంటి మినహాయింపులు లేకపోలేదు.

కాగితముపై ఇది సులభముగనే తోచును. కలప దొంగరవాణాకు సాయపడినాడని చర్ల అడవిలోని ఒక బీటు ఆఫీసరుపై చార్జిమెమో వచ్చినదనుకొందము. గూడెమునుండి వచ్చిన సాక్షి చెప్పినది కోయభాషలో. రికార్డున కెక్కినది తెలుగులో. ఆ తెలుగును మరల కోయలో వినిపించియే అతనిచేత వేలిముద్ర వేయించిరా? ఎదురు ప్రశ్న వేయుటకు ఉద్యోగికి వీలు చిక్కెనా? పంచనామా నకలు అతని చేతికందెనా? న్యాయము నిలుచుటయు కూలుటయు ఇట్టి చిన్న సంగతులపైననే. సస్పెన్షను శిక్ష కాదని చట్టమనును. జీవనభృతితో ఇల్లు గడుపు ఇల్లాలినడిగిన వేఱు మాట చెప్పును. చార్జిమెమో ఇయ్యక మూడు నెలలకు మించి సస్పెన్షనులో ఉంచరాదని 2015లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది.

అంతకంటె ముఖ్యమైన తీర్పు మన హైదరాబాదునుండి పోయిన వ్యాజ్యములోనిది. ఇ.సి.ఐ.ఎల్. సంస్థకును దాని ఉద్యోగికిని నడచిన ఆ కేసులో, 1993 అక్టోబరు 1న, ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము ఇట్లు నిర్ణయించెను: విచారణ జరిపినవారొకరు, శిక్షించువారొకరు అయినపుడు, విచారణాధికారి నివేదిక ప్రతిని ముందుగా ఉద్యోగికిచ్చి, దానిపై అతడు చెప్పునది వినవలెను, ఏలయన, శిక్షించువాని మనస్సును త్రిప్పునది ఆ నివేదికయే. ఇది ప్రభుత్వ కార్యాలయములకే కాదు, సంస్థలకును వర్తించును గనుక, కొత్తగూడెపు బొగ్గుగనుల కార్మికునికిని ఈ రక్ష కలదు. అయితే ప్రతి అందనంత మాత్రమున శిక్ష దానంతట అదే రద్దు కాదు. అందకపోవుటవలన నష్టము కలిగినదా యని కోర్టు పరిశీలించును.

కావున ఉద్యోగులారా, నివేదిక రాకున్న అడుగుడు. నోటిమాటగా కాదు, అర్జీ వ్రాసి ఇచ్చి, నకలు మీద తేదీతో ముద్ర వేయించుకొనుడు. గోపన్న విడుదలకై ఆరు లక్షలు చెల్లించిన రామలక్ష్మణులే తానీషాచేత రసీదు వ్రాయించుకొని మఱి వెళ్లిరని కదా కథ!