గాలి తోడైతే రికార్డు రాదు!

జాతీయ అథ్లెటిక్స్ పోటీల్లో గెలుపు వేరు, రికార్డు వేరు. ఎందుకో చూద్దాం.

100, 200 మీటర్ల పరుగు, 100, 110 మీటర్ల హర్డిల్స్, లాంగ్‌జంప్, ట్రిపుల్‌జంప్‌లలో వెనుక నుంచి వీచే గాలి క్రీడాకారుల్ని ముందుకు నెడుతుంది. అందుకే ట్రాక్ పక్కన 1.22 మీటర్ల ఎత్తున గాలి వేగాన్ని కొలిచే పరికరం పెడతారు. అది సెకనుకు 2 మీటర్లు దాటితే పతకం దక్కుతుంది గానీ రికార్డు చెల్లదు.

విశాఖపట్నం సెక్యూరిటీ గార్డు కూతురు జ్యోతి యర్రాజి సంగతే చూడండి. 2022 ఏప్రిల్‌లో కోజికోడ్ ఫెడరేషన్ కప్‌లో 100 మీటర్ల హర్డిల్స్‌ను 13.09 సెకన్లలో ముగించింది. 2002లో అనురాధా బిస్వాల్ నెలకొల్పిన జాతీయ రికార్డు 13.38. అయినా కొత్త రికార్డు రాలేదు. ఆనాటి గాలి వేగం 2.1! జ్యోతి ఆగలేదు. మే నెలలో సైప్రస్‌లో 13.23తో రికార్డు సాధించింది. అక్టోబరులో బెంగళూరు జాతీయ ఓపెన్ చాంపియన్‌షిప్‌లో 12.82తో, నిబంధనలకు లోబడి 13 సెకన్లలోపు పరుగెత్తిన తొలి భారతీయ మహిళ అయింది. 2023లో దాన్నీ 12.78కి తగ్గించింది.

మన హాస్టల్లోనూ బాగా పరుగెత్తేవాళ్లున్నారు. గ్రౌండులో స్టాప్‌వాచీ చూపిన టైము ఏ పుస్తకానికీ ఎక్కదు. జిల్లా, రాష్ట్ర సెలెక్షన్లకు వెళ్లండి. అక్కడ రాసుకున్న టైమే మీది!