గుడి లేని తోటలో పదకొండు మంది రుద్రులు

జగ్గన్నతోటలో గుడి లేదు. కోనసీమలో అంబాజీపేట మండలం మొసలపల్లి దగ్గరున్న కొబ్బరితోట అది. ఏటా కనుమ నాడు మాత్రం చుట్టుపక్కల ఊళ్ల రుద్రులు పదకొండు మందీ ప్రభలెక్కి అక్కడికి చేరతారు. వ్యాఘ్రేశ్వరం, పుల్లేటికుర్రు, ఇరుసుమండ, వక్కలంక, నేదునూరు, ముక్కామల, పాలగుమ్మి, పెదపూడి, గంగలకుర్రు, గంగలకుర్రు అగ్రహారం... పదకొండోది ఆతిథ్యమిచ్చే మొసలపల్లే. వ్యాఘ్రేశ్వరుడి ప్రభ వచ్చిందంటే అప్పటికే దిగిన ప్రభలన్నిటినీ ఒక్కసారి పైకి లేపుతారు. పెద్దాయనకు మర్యాద!

ప్రభకు చక్రాలుండవు, మోసేది భుజాలే. దూలాల మీద వెదురు బద్దలు వంచి కట్టి, రంగురంగుల బట్టలు, నెమలి పింఛాలు, గంటలు, వరి కంకులతో ముస్తాబు చేస్తారు. దారిలో పచ్చని చేలు అడ్డొచ్చినా ఆగరు. రుద్రుడు తొక్కిన చేను పండుతుందనే రైతు నమ్మకం. అన్నిటికన్నా చూసి తీరాల్సింది గంగలకుర్రు, అగ్రహారం ప్రభలు కౌశిక కాలువ దాటే ఘట్టం. అడుగున బురద కాళ్లను లాగుతుంటుంది, పైన ప్రభ అటూ ఇటూ ఊగుతుంటుంది. తాళ్లు పట్టినవాళ్లు దాన్ని నిలబెడుతుంటే, మోసేవాళ్లు ‘అశ్శరభ శరభ’ అంటూ ఒక్కో అడుగే వేస్తారు. గట్టున జనం ఊపిరి బిగబడతారు. ఏ ఊరి కుర్రాళ్లయినా తమ ప్రభ కింద భుజం పెట్టడానికి పోటీపడతారు. డబ్బిచ్చి పిలిస్తే వచ్చే ఉత్సాహం కాదది.

2023 గణతంత్ర దినోత్సవాన ఢిల్లీ కర్తవ్యపథ్‌లో ఆంధ్రప్రదేశ్ శకటంగా కదిలింది ఈ ప్రభల తీర్థమే.

కోనసీమలోనే ఉన్న కొత్తపేటలో ప్రభల సందడి సంక్రాంతి నాడే. అక్కడ బాణసంచాకే పెద్దపీట.

ఊరంతా బయటికొచ్చి చేసుకునే పండగ ఫిన్లాండ్‌లోనూ ఉంది. పేరు వప్పు. చలి వదిలి వసంతం వచ్చిందని ఏప్రిల్ 30 సాయంత్రం హెల్సింకిలో విద్యార్థులు 1908 నాటి హావిస్ అమండా విగ్రహానికి తెల్ల టోపీ పెడతారు. మే 1న పార్కుల్లో దుప్పట్లు పరుచుకుని భోజనాలు. నిమ్మకాయ, పంచదార, ఈస్ట్‌తో పులియబెట్టిన సిమా తాగుతారు. సీసాలో వేసిన కిస్‌మిస్‌లు పైకి తేలితే అది తయారైనట్టు. పక్కన నంజుకునే తిప్పలేయ్‌పా చూడ్డానికి అచ్చం మన జాంగ్రీలా ఉంటుంది!

మళ్లీ మన దగ్గరికొస్తే, సంక్రాంతి వెళ్లాక కోనసీమ చూపు అంతర్వేది మీద. మాఘమాసంలో భీష్మ ఏకాదశికి లక్ష్మీనరసింహస్వామి రథోత్సవం. 2020 సెప్టెంబరులో పాత రథం కాలిపోయినప్పుడు భక్తుల గుండె చెరువైంది. 2021 ఫిబ్రవరి ఉత్సవాలకల్లా కొత్త టేకు రథం సిద్ధమైంది.