మత్తు, అనుమానం, ఊరి భయం: అపోహలు – వాస్తవాలు

2020 మార్చిలో లాక్‌డౌన్‌తో మద్యం, కల్లు దుకాణాలు మూతపడిన కొద్దిరోజులకే హైదరాబాద్ ఎర్రగడ్డ మానసిక వైద్యశాలకు రోగుల తాకిడి పెరిగింది. వణుకు, నిద్రలేమి, లేని గొంతులు వినిపించడం, ఎవరో చంపడానికొస్తున్నారన్న అనుమానం: మత్తు హఠాత్తుగా ఆగితే వచ్చే బాధలివి. వీటిని చూసి చుట్టుపక్కల వాళ్లు బెదిరిపోతే జబ్బు ఇంకా ముదురుతుంది.

అపోహ: మందు మానగానే ఇలా మాట్లాడుతున్నాడంటే గాలి సోకినట్టే.

వాస్తవం: ఏళ్ల తరబడి విపరీతంగా తాగి ఒక్కసారిగా మానేస్తే, సాధారణంగా రెండు నుంచి నాలుగు రోజుల్లో కొందరికి 'డెలీరియం ట్రెమెన్స్' వస్తుంది. ఎక్కడున్నదీ తెలియదు, లేనివి కనిపిస్తాయి. ఆల్ప్రజోలం అనే మత్తుమందు కలిపిన కల్తీ కల్లు ఆపినా ఫిట్స్, భ్రమలు రావచ్చు. ఈ స్థితి ప్రాణాంతకం కావచ్చు. తాయెత్తులతో కాలయాపన చేయకూడదు.

అపోహ: అలాంటివారిని దూరం పెట్టి, ఓ కంట కనిపెడుతుంటే చాలు.

వాస్తవం: అనుమానపడే మనసు ఆధారాలు ఏరుకుంటుంది. రోగి రాగానే చుట్టుపక్కల వాళ్లు మాటలు ఆపేస్తారు, తలుపులేసుకుంటారు, ఫోన్లో వీడియో తీస్తారు. 'అందరూ నన్నే చూస్తున్నారు' అన్న అతని మాట అప్పుడు నిజమే అవుతుంది. ఆ భయంతో నిద్ర పోడు. నిద్ర లేక భ్రమ పెరుగుతుంది. తట్టుకోలేక మళ్లీ మత్తులోకి వెళ్తాడు.

అపోహ: తిక్కతిక్కగా తిరుగుతూ, అడిగితే పరుగెత్తేవాడు నేరస్థుడే.

వాస్తవం: 2018 మేలో పిల్లల్ని ఎత్తుకెళ్లే ముఠాలు తిరుగుతున్నాయన్న వాట్సాప్ పుకార్లు తెలుగు రాష్ట్రాల్లో అమాయకుల ప్రాణాలు తీశాయి. అలాంటి అనుమానంతో నిలదీస్తే, భ్రమలో ఉన్న మనిషి పొంతన లేని జవాబులే చెబుతాడు. గుంపుగా చుట్టుముడితే బెదిరి పారిపోతాడు, లేదా తిరగబడతాడు.

అపోహ: ఆసుపత్రికి వెళితే పోలీసు కేసవుతుంది.

వాస్తవం: తాగుడుకు చికిత్స తీసుకోవడం నేరం కాదు. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం మద్యం, మాదకద్రవ్యాల వల్ల వచ్చే మానసిక స్థితులను అనారోగ్యంగానే గుర్తించింది. మాదకద్రవ్యాలకు బానిసై వాడినవారు, స్వల్ప పరిమాణంతో పట్టుబడిన వ్యసనపరులు స్వచ్ఛందంగా గుర్తింపు పొందిన కేంద్రంలో చికిత్స పూర్తి చేసుకుంటే, మాదకద్రవ్యాల నియంత్రణ (ఎన్‌డీపీఎస్) చట్టంలోని 64ఏ సెక్షన్ ప్రాసిక్యూషన్ నుంచి రక్షణ ఇస్తుంది.

మరి ఏం చేయాలి? తెలిసినవారు ఒక్కరే ఎదురుగా కూర్చుని మెల్లగా మాట్లాడాలి. అతని భ్రమకు తలూపొద్దు, దానిపై వాదించొద్దు. సలహాకు టెలీ మానస్ 14416, వ్యసన విముక్తి హెల్ప్‌లైన్ 14446 ఉన్నాయి. ఫిట్స్ వచ్చినా, మతి తప్పినా వీడియోలు తీయడం ఆపి వెంటనే 108కి ఫోన్ చేయండి.