సభాపతి పీఠం, పార్టీ కండువా: శ్రీనివాసపురం చెప్పే పాఠం

కోలారు జిల్లా అనగానే బయటి ఊళ్ళవారికి బంగారు గనులు గుర్తొస్తాయి. 2001 ఫిబ్రవరి 28న ఆ గనులు మూతపడ్డాయి. తర్వాత మా జిల్లాకు పట్టుగూళ్ళు, టమాటాలు, శ్రీనివాసపురం మామిడిపండ్లు మిగిలాయి. ఇంకొక పంట కూడా ఉంది. అది రాజకీయం! స్వాతంత్ర్యం వచ్చిన 1947లోనే మైసూరు సంస్థానానికి తొలి ముఖ్యమంత్రి అయిన కె.సి. రెడ్డి గారు ఈ జిల్లాలోని క్యాసంబళ్ళి వారే. కర్ణాటక శాసనసభకు రెండుసార్లు సభాపతి అయిన కె.ఆర్. రమేశ్ కుమార్ గారిదీ ఈ జిల్లాయే. ఆయన ఊరు శ్రీనివాసపురం తాలూకా అడ్డగల్.

బ్యాంకు ఉద్యోగంలో కొన్నేళ్ళు నేను ఆ వైపే పనిచేశాను. అక్కడ ఫారాలు కన్నడంలో నింపుతారు, మాటలు మాత్రం తెలుగులో సాగుతాయి. ఎన్నికలు వచ్చాయంటే కౌంటరు దగ్గర అప్పుల సంగతి పక్కకుపోయి ‘స్వామి’దా, ‘రెడ్డి’దా అన్న చర్చ మొదలయ్యేది. స్వామి అంటే రమేశ్ కుమార్ గారు, రెడ్డి అంటే జి.కె. వెంకటశివారెడ్డి గారు. 1978 మొదలు 2013 వరకు శ్రీనివాసపురం ఓటరు ఒకసారి ఈయనను గెలిపిస్తే మరుసటిసారి ఆయనను గెలిపించాడు. 2018లో రమేశ్ కుమార్ గారు వరుసగా రెండోసారి గెలిచి ఆ ఆనవాయితీని తప్పించారు. 2023లో మళ్ళీ వెంకటశివారెడ్డి గారే గెలిచారు.

రెండు పార్టీలు, ఒకే పీఠం

రమేశ్ కుమార్ గారు మొదటిసారి సభాపతి అయింది 1994లో. అప్పుడు ఆయన జనతాదళ్ సభ్యులు. దేవెగౌడ గారు, ఆ తర్వాత జె.హెచ్. పటేల్ గారు ముఖ్యమంత్రులుగా ఉండగా 1999 వరకు సభను నడిపారు. అనంతరం కాంగ్రెసులో చేరి, 2016లో ఆరోగ్యమంత్రి అయ్యారు. ప్రైవేటు ఆసుపత్రుల నియంత్రణకు ఆయన తెచ్చిన సవరణ బిల్లు మీద 2017 నవంబరులో రాష్ట్రమంతటా డాక్టర్లు సమ్మె చేశారు. బెంగుళూరు మురుగునీటిని శుద్ధి చేసి కోలారు చెరువులు నింపే కె.సి. వ్యాలీ పథకానికి వెనుక నిలబడ్డవారిలో ఆయన ముఖ్యులు. 2018 జూన్‌లో ఆ నీరు లక్ష్మీసాగర చెరువుకు చేరింది. ఆ నీటి నాణ్యత మీద వాదాలు లేకపోలేదు. అయినా ఎండిన చెరువు గట్టున నిలబడినవాడికి నీటి విలువ వేరే చెప్పాలా?

2018 మే 25న ఆయన రెండోసారి సభాపతి అయ్యారు. పోటీకి దిగిన భాజపా అభ్యర్థి విరమించుకోవడంతో ఎన్నిక ఏకగ్రీవమయింది. ఉపసభాపతి కృష్ణారెడ్డి గారు చింతామణి శాసనసభ్యులు. చింతామణి కూడా 2007 వరకు మన కోలారు జిల్లాలోదే. అంటే రెండు పీఠాలూ పాత కోలారు జిల్లాకే దక్కాయన్నమాట.

2019 జులై

అసలు పరీక్ష 2019 జులైలో వచ్చింది. కుమారస్వామి గారి సంకీర్ణ ప్రభుత్వం మీద అలిగిన శాసనసభ్యులు ఒకరి వెంట ఒకరు రాజీనామాలిచ్చి ముంబయి హోటల్లో మకాం వేశారు. కొన్ని రాజీనామాలు నిర్ణీత నమూనాలో లేవని సభాపతి ఆపారు. రాజీనామా స్వచ్ఛందమా, నిజమైనదా అని సభాపతి చూడాలని 1974లో జరిగిన 33వ రాజ్యాంగ సవరణ చెబుతోంది. కనుక పరిశీలించే అధికారం ఆయనకుంది. కాని సొంత పార్టీ ప్రభుత్వాన్ని బతికించడానికే కాలయాపన చేస్తున్నారని ఎదుటిపక్షం అన్నది. జులై 23న విశ్వాస తీర్మానానికి అనుకూలంగా 99, వ్యతిరేకంగా 105 ఓట్లు వచ్చి ప్రభుత్వం పడిపోయింది. తర్వాత సభాపతి రెండు విడతలుగా, 25న ముగ్గురిని, 28న 14 మందిని, సభ కాలం ముగిసేవరకు అనర్హులుగా ప్రకటించారు. కొత్త ముఖ్యమంత్రి యడియూరప్ప గారు 29న విశ్వాసం పొందగానే తానూ రాజీనామా చేశారు.

వ్యవహారం సుప్రీంకోర్టుకు చేరింది. 2019 నవంబరు 13న తీర్పు రాసింది కూడా తెలుగువారే, జస్టిస్ ఎన్.వి. రమణ గారు. అనర్హత సరైనదే అన్నారు. కాని సభ కాలమంతా పోటీ చేయరాదనే అధికారం సభాపతికి లేదని ఆ భాగాన్ని కొట్టివేశారు. సభాపతులు తటస్థతను విడిచి నడిచే ధోరణి పెరుగుతోందని బాధతో గుర్తు చేశారు. డిసెంబరు 5న 15 స్థానాలకు ఉపఎన్నికలు జరిగితే భాజపా 12 గెలిచింది.

ఇంకొక సంగతి కూడా చెప్పాలి. 2021 డిసెంబరులో బెళగావి సమావేశంలో అత్యాచారం గురించి రమేశ్ కుమార్ గారు అనరాని మాట అన్నారు, మరునాడు క్షమాపణ చెప్పారు. రెండుసార్లు సభాపతి అయిన మనిషి నోట అలాంటి మాట రావడం ఆయన అభిమానులనూ తలదించుకునేలా చేసింది.

హిందూపురం, డర్బన్

గౌరిబిదనూరు దాటితే హిందూపురం. అక్కడినుంచే 1967లో నీలం సంజీవరెడ్డి గారు లోక్‌సభకు గెలిచి స్పీకరయ్యారు. 1960 నుంచి 1962 వరకు అఖిల భారత కాంగ్రెసు అధ్యక్షులుగా ఉన్నవారాయన. పీఠమెక్కగానే పార్టీ సభ్యత్వం వదులుకున్నారు. ఇది గొప్ప ఆదర్శం. అయినా 1969లో అదే పార్టీ రాష్ట్రపతి పదవికి ఆయన పేరే ప్రతిపాదించింది. ఆయన స్పీకరు పదవి వదిలి పోటీ చేసి వి.వి. గిరి గారి చేతిలో ఓడారు. 1977లో ఏకగ్రీవంగా రాష్ట్రపతి అయ్యారు.

మన తెలుగువారు 1860 తర్వాత కూలీలుగా వెళ్ళి స్థిరపడ్డ డర్బన్‌లో 1949లో పుట్టిన బలేకా ఎంబేటే గారి కథ ఇందుకు భిన్నం. వర్ణవివక్ష రోజుల్లో ప్రవాసం వెళ్ళి, స్వాతంత్ర్యం తర్వాత ఆమె దక్షిణాఫ్రికా పార్లమెంటుకు రెండుసార్లు స్పీకరయ్యారు. 2007 నుంచి 2017 వరకు పాలక పార్టీకి జాతీయ అధ్యక్షస్థానంలోనూ ఉన్నారు. అంటే రెండు కుర్చీలు ఒకేసారి! 2017లో అధ్యక్షుడు జుమా గారి మీద అవిశ్వాసం వచ్చింది. రహస్య ఓటింగు పెట్టే అధికారం స్పీకరుదేనని అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం చెప్పగా, ఆమె రహస్య ఓటింగుకే ఒప్పుకున్నారు. ఆగస్టు 8న తీర్మానానికి 177, వ్యతిరేకంగా 198 ఓట్లు వచ్చాయి. జుమా గారు గట్టెక్కారు. పార్టీవారికి నచ్చని పద్ధతిని ఆమె ఎంచుకున్నా, అనుమానించేవారు అనుమానిస్తూనే ఉన్నారు.

గీటురాయి ఎవరి చేతిలో?

కె.జి.ఎఫ్. వాసులకు బంగారం సంగతి నేను చెప్పనక్కరలేదు. బ్యాంకులో నగల మీద అప్పిచ్చేటప్పుడు అప్రైజరు గీటురాయి మీద గీసి విలువ కడతాడు. అతడెంత నిజాయతీపరుడైనా తన సొంత నగకు తాను విలువ కట్టకూడదు. అతడు దొంగ అని కాదు. ఆ చీటీ మీద రేపు ఎవరూ వేలెత్తి చూపకుండా ఉండాలని.

1985లో వచ్చిన ఫిరాయింపుల నిరోధక చట్టం ఈ గీటురాయిని సభాపతి చేతిలో పెట్టింది. రమేశ్ కుమార్ గారి నిర్ణయంలోని ముఖ్యభాగం న్యాయస్థానంలో నిలిచింది. అయినా ఆ తీర్పు పార్టీ కోసమా, ధర్మం కోసమా అన్న ప్రశ్న శ్రీనివాసపురం టీకొట్లలో ఆగలేదు. పార్టీకి రాజీనామా చేస్తే చాలదా అంటే, మరుసటి ఎన్నికకు టిక్కెట్టు ఎవరివ్వాలి? బ్రిటనులో స్పీకరు పార్టీని వదిలేస్తే, ప్రధాన పార్టీలు ఆయన స్థానంలో పోటీ పెట్టకపోవడం సంప్రదాయం. మన దగ్గర అది లేదు.

ఫిరాయింపుల విచారణను స్వతంత్ర ట్రైబ్యునలుకు అప్పగించే సంగతి పార్లమెంటు ఆలోచించాలని 2020 జనవరిలో సుప్రీంకోర్టు మణిపూర్ కేసులో సూచించింది. నాకు అదే సరైన దారి అనిపిస్తుంది. సభాపతిని సభ నడపనిద్దాం. మనిషి మంచితనం మీద ఆధారపడే పద్ధతి ఆ మనిషితోనే పోతుంది. మన పిల్లలు ఏ రాష్ట్రంలో, ఏ దేశంలో ఓటు వేసినా, తమ అభ్యర్థిని ఒక్క ప్రశ్న అడగాలి: నీ నగకు విలువ కట్టేది ఎవరు?